వదిలేసి పోయిన కేసులో విడాకులు, పిల్లల ఖర్చు: ఏది ముందు, ఏది తర్వాత

విడాకులకు రెండేళ్లు ఆగాలి. పిల్లల ఖర్చుకు ఒక్క రోజు కూడా ఆగనక్కర్లేదు. రెండూ ఒకే కేసు అనుకుని "విడాకులు వేసినప్పుడే అన్నీ అడుగుదాం" అని కూర్చున్నవాళ్లే ఎక్కువ నష్టపోతారు. భరణాన్ని దరఖాస్తు వేసిన తేదీ నుంచి లెక్కగట్టాలని సుప్రీంకోర్టు 2020 నవంబరు 4న రజనీష్ వర్సెస్ నేహా తీర్పులో చెప్పింది. అంటే మీరు కేసు వేయకుండా గడిపిన నెలల డబ్బు మళ్లీ చేతికి రావడం కష్టం. అందుకే ముందు పిల్లల ఖర్చు, ఆ తర్వాత విడాకులు. ఈ వరస తప్పవద్దు.

ఇక్కడ ఎక్కువగా భర్త వదిలేసిన భార్యను ఉద్దేశించి రాశాం. భార్య వదిలి వెళ్లిన భర్తకు కూడా విడాకుల నిబంధనలు ఇవే. తేడా ఉన్నచోట చెబుతాం.

ముందుగా, స్టాంపు పేపరు జోలికి పోవద్దు

మన దగ్గర గొడవ మొదట పెద్దమనుషుల దగ్గరికే పోతుంది. మాట్లాడించడం మంచిదే. కానీ ఆ కూర్చున్నచోట వంద రూపాయల స్టాంపు పేపరు మీద "మేమిద్దరం ఇష్టపూర్వకంగా విడిపోతున్నాం, ఇకమీదట ఒకరితో ఒకరికి సంబంధం లేదు" అని రాయించి సంతకాలు పెట్టించే అలవాటు ఒకటుంది. ఆ ఒక్క వాక్యంతో మూడు దెబ్బలు తగులుతాయి. హిందూ వివాహ చట్టం వర్తించే జంటకు అది విడాకులు కాదు. కులాచారం ప్రకారం అయిందని చెప్పాలంటే ఆ ఆచారం ఉందని కోర్టులో విడిగా రుజువు చేయాలి, అది అంత తేలిక కాదు. రెండో దెబ్బ: ఇష్టంతోనే విడిపోయారు కాబట్టి "నన్ను వదిలేశాడు" అనే వాదన నిలవదు. మూడోది: ఇద్దరి అంగీకారంతో విడిగా ఉంటున్న భార్యకు భారతీయ నాగరిక్ సురక్షా సంహిత సెక్షన్ 144 కింద భరణం రాదు. ఆ కాగితాన్ని నమ్ముకుని ఎవరైనా రెండో పెళ్లి చేసుకుంటే అది భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 82 కింద నేరం, ఏడేళ్ల దాకా శిక్ష పడవచ్చు.

పిల్లల హక్కు మాత్రం ఆ కాగితంతో పోదు. "పిల్లల ఖర్చు అడగను" అని తల్లి సంతకం పెట్టినా, పిల్లల తరఫున అడగవచ్చు. పంచాయితీ జరిగితే తేదీ, కూర్చున్నవాళ్ల పేర్లు, అతను అన్న మాటలు ఒక నోటుపుస్తకంలో రాసుకోండి. "తీసుకపోను, మీ ఇష్టమున్నకాడ చెప్పుకోండి" అని పదిమందిలో అన్నాడంటే, రేపు ఆ పదిమందిలో ఒకరిద్దరు మీకు సాక్షులు.

మీకు ఏ చట్టం వర్తిస్తుంది

హిందువులకు హిందూ వివాహ చట్టం 1955, సెక్షన్ 13(1)(ఐబి): కేసు వేసే నాటికి వెనక్కి లెక్కిస్తే వరసగా రెండేళ్లకు తక్కువ కాకుండా వదిలేసి ఉండాలి. క్రైస్తవులకు 1869 నాటి విడాకుల చట్టం సెక్షన్ 10, ప్రత్యేక వివాహ చట్టం కింద రిజిస్టర్ పెళ్లి చేసుకున్నవాళ్లకు ఆ చట్టం సెక్షన్ 27. వీటిలోనూ గడువు రెండేళ్లే. ముస్లిం మహిళకు ముస్లిం వివాహాల రద్దు చట్టం 1939, సెక్షన్ 2 ఉంది. భర్త రెండేళ్లు పోషించకపోయినా, నాలుగేళ్లు జాడ తెలియకపోయినా ఆమె విడాకులు కోరవచ్చు.

మహబూబాబాద్, ములుగు, భూపాలపల్లి వైపు లంబాడా, కోయ కుటుంబాలు ఒకటి గమనించాలి. హిందూ వివాహ చట్టం సెక్షన్ 2(2) ప్రకారం ఆ చట్టం షెడ్యూల్డ్ తెగలకు నేరుగా వర్తించదు. పెళ్లి హిందూ పద్ధతిలో జరిగిందా, తెగ ఆచారం ప్రకారం జరిగిందా అన్నదాని మీద వాదన నడుస్తుంది. ఈ విషయం కేసు వేయకముందే లాయర్‌తో తేల్చుకోండి. రెండేళ్లు నడిచాక "ఈ చట్టం మీకు వర్తించదు" అని ఎదుటివాళ్లు అడ్డం తిరిగితే అంతా మొదటికి వస్తుంది.

భరణానికి ఈ గొడవ లేదు. భారతీయ నాగరిక్ సురక్షా సంహిత సెక్షన్ 144 కులమతాలతో పని లేకుండా అందరికీ వర్తిస్తుంది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ) సెక్షన్ 125 స్థానంలో 2024 జూలై 1 నుంచి వచ్చింది ఇదే. విడాకులు పొందిన ముస్లిం మహిళ కూడా 125 కింద అడగవచ్చని సుప్రీంకోర్టు 2024 జూలై 10న తీర్పు చెప్పింది. ఆ కేసు వెళ్లింది మన తెలంగాణ నుంచే.

మొదటి పని: పిల్లల భరణం కేసు

కోర్టు భాషలో దీన్ని ఎం.సి., అంటే మెయింటెనెన్స్ కేసు అంటారు. మీరు ఇప్పుడు తల్లిగారింట్లో ఉంటే అక్కడి కోర్టులోనే వేయవచ్చు. ఫ్యామిలీ కోర్టు పరిధి అయితే అందులో, లేకపోతే ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేట్ కోర్టులో. నర్సంపేట దగ్గరి ఊళ్లో ఉంటూ అత్తగారి ఊరు కరీంనగర్ అవతల ఉందని అంతదూరం పోనక్కర్లేదు.

లాయర్ ఫీజుకు డబ్బు లేదని ఆగవద్దు. న్యాయసేవాధికార సంస్థల చట్టం 1987, సెక్షన్ 12 కింద మహిళలకు, పిల్లలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా లాయర్‌ను ఇస్తారు. హనుమకొండ అదాలత్ దగ్గరి కోర్టు ఆవరణలో గానీ మీ జిల్లా కోర్టులో గానీ జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఆఫీసు ఎక్కడని అడిగితే చూపిస్తారు. ఆధార్ కాపీ, తెల్లకాగితం మీద దరఖాస్తు తీసుకుని వెళ్లండి. ఉచిత న్యాయ సహాయం నంబర్ 15100కు ఫోన్ చేసినా దారి చెబుతారు. కొట్టడం, ఇంట్లోంచి గెంటేయడం కూడా జరిగి ఉంటే మహిళా హెల్ప్‌లైన్ 181కి ఫోన్ చేయండి, లేదా బాధిత మహిళలకు సాయం చేసే సఖి కేంద్రానికి వెళ్లండి. గృహహింస చట్టం కింద వేసే డి.వి.సి.లో ఉండటానికి ఇల్లు, ఖర్చులకు డబ్బు రెండూ అడగవచ్చు. ఒక కేసులో వచ్చిన మొత్తాన్ని రెండోదాంట్లో సర్దుబాటు చేస్తారు కాబట్టి, ఏ కేసులో ఎంత వస్తోందో అన్నిచోట్లా చెప్పాలి. దాస్తే మీ మాట మీద నమ్మకం పోతుంది.

పిటిషన్‌లో ఎక్కువమంది చేసే తప్పు ఒకటుంది. భార్యకు, ఇద్దరు పిల్లలకు కలిపి "నెలకు 20 వేలు ఇప్పించగలరు" అని ఒక్క ముద్దగా అడుగుతారు. అలా కాదు. మీరు ఒకటో పిటిషనర్, పెద్దబాబు రెండు, చిన్నపాప మూడు. ఒక్కొక్కరికి విడివిడిగా మొత్తం రాయించండి. మైనర్ల తరఫున సంరక్షకురాలు తల్లి. ఎందుకంటే "ఆమెకు ఉద్యోగముంది", "ఆమే కారణం లేకుండా వెళ్లిపోయింది" అని వాదించి మీ భరణం ఆపగలిగినా, ఆ వాదనలు పిల్లల మీద పనిచేయవు. విడివిడిగా రాసి ఉంటే మీది కొట్టేసినా పిల్లలది నిలుస్తుంది.

అదే రోజు మధ్యంతర భరణానికి, అంటే కేసు తేలేలోపు ఇచ్చే డబ్బుకు కూడా దరఖాస్తు వేయించండి. నోటీసు అందిన 60 రోజుల్లో తేల్చాలని చట్టం చెబుతుంది. ఆచరణలో వాయిదాలు పడతాయి, కానీ దరఖాస్తే లేకపోతే అసలు కేసు తేలేదాకా పైసా రాదు.

ఎంత అడగాలి, ఎలా చూపాలి

గాలిలో అంకె చెబితే జడ్జి సగానికి కోస్తారు. లెక్క రాసి, రసీదులు కుట్టి ఇస్తే కోయడం కష్టం. ఉదాహరణకు ఇద్దరు పిల్లల లెక్క ఇలా వేయవచ్చు. స్కూలు ఫీజులు ఏడాదికి 36 వేలు, 24 వేలు, కలిపి 60 వేలు: నెలకు 5,000. పుస్తకాలు, యూనిఫాం, బూట్లు ఏడాదికి 12 వేలు: నెలకు 1,000. స్కూలు ఆటో 1,200. బియ్యం, పాలు, కూరగాయలు, గ్యాస్‌లో పిల్లల వాటా 5,000. ఇంటి కిరాయి 6,000లో ముగ్గురికి గాను ఇద్దరి వాటా 4,000. మందులు 800. బట్టలు, పండుగలు 1,000. మొత్తం 18,000. కిరాయిలో వాటా వేయడం చాలామంది మరిచిపోతారు. పిల్లలు కూడా ఆ కప్పు కిందే పడుకుంటున్నారు కదా.

ఇక అతని ఆదాయం. రజనీష్ తీర్పు తర్వాత ఇద్దరూ ఆస్తులు, అప్పులు, ఆదాయం వివరాలతో ప్రమాణ పత్రం వేయాలి. వ్యవసాయదారులకు వేరే నమూనా ఉంది. అతను తక్కువ చూపిస్తాడనే అనుకుని మీ ఆధారాలు మీరు సిద్ధం చేసుకోండి. సింగరేణి, ఆర్టీసీ, ప్రభుత్వ ఉద్యోగమైతే జీతం వివరాలు తెప్పించమని కోర్టును అడగండి. భూమి ఉంటే భూభారతి పోర్టల్‌లో సర్వే నంబర్, పాస్‌బుక్ వివరాలు తీయండి. ట్రాక్టర్, కారు ఉంటే బండి నంబర్. ఇంటి లోన్ కిస్తీ కడుతుంటే ఆ అంకె. నెలకు 22 వేలు కిస్తీ కట్టేవాడు "నా సంపాదన పది వేలే" అంటే ఎవరూ నమ్మరు. కూలి పని, మేస్త్రీ పని, డ్రైవింగ్ చేసేవాళ్లకు కాగితాలు ఉండవు. అప్పుడు ఆ పనికి మీ ప్రాంతంలో నడుస్తున్న రోజుకూలి, నెలలో పని దొరికే రోజులు చెప్పండి. పని చేయగలిగిన మనిషి శారీరక కష్టం చేసైనా భార్యాపిల్లలను పోషించాలని సుప్రీంకోర్టు 2022లో అంజు గార్గ్ కేసులో తేల్చింది.

మీకు జీతం ఉంటే దాచవద్దు. తల్లి సంపాదిస్తున్నా తండ్రి బాధ్యత పోదు. వాటా ఎంతన్నదే మారుతుంది.

సెక్షన్ 144 కింద పిల్లలకు 18 ఏళ్లు నిండేదాకా భరణం వస్తుంది. శారీరక, మానసిక లోపం వల్ల తమను తాము పోషించుకోలేని పిల్లలకు ఆ తర్వాత కూడా వస్తుంది. హిందూ కుటుంబంలో పెళ్లికాని ఆడపిల్ల, తనను తాను పోషించుకోలేకపోతే, హిందూ దత్తత, భరణ చట్టం 1956 సెక్షన్ 20 కింద 18 దాటాక కూడా తండ్రిని అడగవచ్చు. అయితే దానికి సివిల్ దావా వేరుగా వేయాలి.

రెండేళ్ల లెక్క

ఇంట్లోంచి బయటికి వచ్చిన రోజే వదిలేసిన రోజు కాదు. పురుడుకు తల్లిగారింటికి వచ్చారు, బతుకమ్మకు వచ్చారు, అది వదిలేయడం కాదు. ఆ తర్వాత తీసుకుపోవడానికి రాను అని అతను తేల్చిన రోజు నుంచి, లేదా ఫోన్లు ఎత్తడం మానేసి డబ్బు ఆపేసిన రోజు నుంచి లెక్క. విడిగా ఉండటం ఒకటి, ఇక కాపురం చేయనన్న ఉద్దేశం ఇంకొకటి. రెండూ కలిసి రెండేళ్లు సాగాలి. మీ వైపు నుంచి రెండు చూపాలి: మీరు ఒప్పుకోలేదు, అలా వదిలేసేంత కారణం మీరు ఇవ్వలేదు.

గల్ఫ్ వెళ్లినవాళ్ల విషయంలో ఇక్కడే తికమక. జగిత్యాల, సిరిసిల్ల, నిజామాబాద్ నుంచి వెళ్లిన మనిషి మూడేళ్లు రాకపోయినా, నెలనెలా డబ్బు పంపుతూ ఫోన్ చేస్తుంటే అది వదిలేయడం కాదు, ఉద్యోగం. డబ్బు ఆగి, నంబర్ మార్చి, సెలవు మీద వచ్చి తన తల్లిదండ్రుల ఇంట్లో దిగి మీ గడప తొక్కకుండా మళ్లీ విమానం ఎక్కితే అది వదిలేయడమే. కాబట్టి డబ్బు చివరిసారి పడిన తేదీ మీకు కీలకం. బ్యాంకు స్టేట్‌మెంట్ తీసి పెట్టుకోండి.

మధ్యలో రాజీ పడి కొన్నాళ్లు కాపురం చేసి మళ్లీ విడిపోతే లెక్క మొదటి నుంచి మొదలవుతుంది. పిల్లాడి పుట్టినరోజుకు వచ్చి కేకు తినిపించి వెళ్లడం కాపురం కాదు, దానికి భయపడనక్కర్లేదు.

అతనే మిమ్మల్ని గెంటేస్తే, ఇల్లు విడిచింది మీరైనా వదిలేసింది అతనే అవుతుంది. అలాంటప్పుడు వదిలేయడంతో పాటు క్రూరత్వం, అంటే హిందూ వివాహ చట్టం సెక్షన్ 13(1)(ఐఏ), కూడా కలిపి రాయించండి. దానికి రెండేళ్ల గడువు లేదు. ఒకటి నిలవకపోయినా రెండోది నిలవవచ్చు.

22 నెలలకే తొందరపడి ఒక్క వదిలేయడం మీదే కేసు వేస్తే, విచారణ నాటికి మూడేళ్లు దాటినా లాభం లేదు. కేసు వేసిన రోజుకు రెండేళ్లు నిండాయా అన్నదే చూస్తారు. పూర్తిగా ఏడేళ్లు బతికున్నాడన్న కబురే లేకపోతే అది వేరే కారణం, సెక్షన్ 13(1)(vii).

లాయర్ నోటీసు

చట్టం తప్పనిసరి అనలేదు గానీ, ఇవ్వకుండా కేసు వేయవద్దు. క్రాస్‌లో, అంటే మీ సాక్ష్యం మీద ఎదురు ప్రశ్నలు వేసేటప్పుడు, ఎదుటి లాయర్ అడిగే మొదటి ప్రశ్న ఇదే: "మీరు ఆయన దగ్గరికి పోవడానికి ఎప్పుడైనా ప్రయత్నించారా?" నోటీసులో తిట్లు వద్దు. "ఫలానా తేదీ నుంచి మీరు నన్ను, పిల్లలను పట్టించుకోవడం లేదు. నేను కాపురానికి సిద్ధంగా ఉన్నాను. ఈ నోటీసు అందిన 15 రోజుల్లో వచ్చి తీసుకువెళ్లండి" అనే మాట ఉంటే చాలు. అయితే వెళితే ప్రాణభయం ఉన్న ఇంటికి "వస్తాను" అని రాయవద్దు. అక్కడ క్రూరత్వమే కారణంగా చూపాలి.

అందినట్టు రుజువు వచ్చేలా పోస్టులో పంపండి. తీసుకోకుండా తిప్పి పంపితే ఆ కవరు చించకుండా అలాగే దాచండి. పోస్ట్‌మ్యాన్ రాసిన "నిరాకరించారు" అన్న మాటే మీ సాక్ష్యం.

విడాకుల పిటిషన్, సమన్లు

హిందూ వివాహ చట్టం సెక్షన్ 19 ప్రకారం పెళ్లి జరిగిన చోట, అతను ఉంటున్న చోట, ఇద్దరూ చివరగా కలిసి ఉన్న చోట వేయవచ్చు. పిటిషన్ వేసేది భార్య అయితే ఆమె ఇప్పుడు ఉంటున్న చోట కూడా. భర్తకు మామూలుగా ఈ చివరి సౌకర్యం లేదు. పెళ్లి కార్డు, ఫొటోలు, ఇద్దరి ఆధార్, పిల్లల జనన ధ్రువపత్రాలు, స్కూలు బోనఫైడ్, నోటీసు కాపీ, పోస్టు రసీదు జత చేయండి. ఇదే కేసులో సెక్షన్ 24 కింద కేసు ఖర్చులు, సెక్షన్ 26 కింద పిల్లల పోషణ, చదువు, ఎవరి దగ్గర ఉండాలన్నది కూడా అడగండి. పెళ్లప్పుడు ఇచ్చిన బంగారం, సామాన్ల జాబితా ఉంటే దాన్నీ చేర్చమనండి.

కేసులు ఎక్కువగా ఆగిపోయేది సమన్ల దగ్గరే, అంటే అతనికి కోర్టు పంపే పిలుపు కాగితం దగ్గరే. అడ్రసులో ఇంటి నంబర్, వాడ, మండలం, తండ్రి పేరు తప్పు లేకుండా ఉండాలి. పాత అడ్రసు ఇచ్చి, సమన్లు తిరిగి వచ్చాక పేపర్ ప్రకటన వేయించి, ఎక్స్‌పార్టీ డిక్రీ, అంటే అతను రాకుండానే ఇచ్చే తీర్పు, తెచ్చుకోవడం తేలికే. కానీ అతను "నాకు సమన్లే అందలేదు" అని వస్తే, సంగతి తెలిసిన 30 రోజుల్లోపు ఆ డిక్రీని రద్దు చేయించుకోవచ్చు. ఈలోపు మీరు మళ్లీ పెళ్లి చేసుకుని ఉంటే చిక్కే. గల్ఫ్‌లో ఉన్నవాళ్లకు పాస్‌పోర్టు కాపీ, కంపెనీ పేరు, క్యాంపు అడ్రసు, ఈమెయిల్ సంపాదించి పెట్టుకోండి. ఇక్కడి తల్లిదండ్రుల అడ్రసు కూడా ఇవ్వండి.

కేసుకు నంబర్ పడ్డాక 16 అక్షరాల సీఎన్ఆర్ నంబర్ తీసుకోండి. ఈకోర్ట్స్ యాప్‌లో అది కొడితే వాయిదా తేదీ కనిపిస్తుంది, ప్రతిదానికీ లాయర్‌కు ఫోన్ చేసే పని తప్పుతుంది.

ఫ్యామిలీ కోర్టు మొదట కౌన్సెలింగ్‌కు పంపుతుంది. అక్కడ ఇద్దరూ విడిపోవడానికే మొగ్గితే పరస్పర అంగీకారానికి, అంటే సెక్షన్ 13బికి మారడం వేగం. ఆరు నెలల గడువును తగిన కేసుల్లో మాఫీ చేయవచ్చని సుప్రీంకోర్టు 2017లో చెప్పింది. కానీ తొందరలో పిల్లల డబ్బు వదులుకోవద్దు. ఒప్పందంలో ఒక్కొక్కరికి ఎంత, ఏ తేదీకి, ఏ ఖాతాలోకి, ఏటా ఎంత పెంపు అన్నవన్నీ రాయించండి.

సాక్ష్యం

మీరు, ఇంకా ఒకరో ఇద్దరో చాలు. తల్లిదండ్రులు ఇద్దరినీ పెట్టడం కంటే ఒక పక్కింటివాళ్లు, పంచాయితీలో కూర్చున్న ఒక పెద్దమనిషి మేలు. వాట్సాప్ మెసేజ్‌లు స్క్రీన్‌షాట్ తీసి ప్రింట్ ఇస్తే సరిపోదు. భారతీయ సాక్ష్య అధినియమ్ సెక్షన్ 63 కింద సర్టిఫికెట్ జత చేయాలి. ఫోన్ మార్చినా పాత ఫోన్‌ను అమ్మవద్దు, మెసేజ్‌లు చెరపవద్దు.

క్రాస్‌లో తేదీలు తడబడితేనే దెబ్బ. పిటిషన్‌లో 2022 మే అని, చీఫ్ అఫిడవిట్‌లో, అంటే ప్రమాణం చేసి ఇచ్చే మీ వాంగ్మూలంలో, దసరా తర్వాత అని ఉంటే రెండేళ్ల లెక్కే కూలుతుంది. ముందు రోజు పిటిషన్ మళ్లీ చదువుకోండి. తెలియనిదాన్ని తెలియదనండి.

ఆర్డర్ వచ్చాక వసూలు

డబ్బు చేతికి తీసుకోవద్దు. ఖాతాలో వేయమనండి. "ప్రతినెలా చేతికే ఇచ్చాను" అనే వాదన అప్పుడు పుట్టదు. ఆగితే సెక్షన్ 144(3) కింద వసూలు దరఖాస్తు వేయాలి. బాకీ పడ్డ తేదీ నుంచి ఏడాది లోపు వేయకపోతే ఆ నెల డబ్బుకు వారంట్ రాదు. అందుకే మూడు నాలుగు నెలలకోసారి వేస్తూ పోండి. వారంట్ తర్వాత కూడా కట్టకపోతే నెల బాకీకి నెల దాకా జైలు. జైలుకు పోయివచ్చినా బాకీ అలాగే ఉంటుంది. జీతగాడైతే జీతం నుంచే కోసి పంపేలా ఆర్డర్ అడగండి. భరణం డిక్రీకి జీతంలో మూడో వంతు మాత్రమే అతనికి రక్షణ, మిగతా భాగాన్ని జప్తు చేయవచ్చు. గల్ఫ్‌లో ఉన్నవాడికి ఇక్కడ ఉన్న భూమి, ఇల్లే పట్టు. అమ్మేస్తాడని అనుమానముంటే కేసు నడుస్తుండగానే అమ్మకుండా ఉత్తర్వు కోరండి. ఫీజులు పెరిగితే సెక్షన్ 146 కింద మొత్తం పెంచమని అడగవచ్చు. అతనూ ఉద్యోగం పోయిందని తగ్గించమని అడగవచ్చు.

డబ్బు ఇవ్వలేదని పిల్లలను చూపించకపోవడం, పిల్లలను చూపించలేదని డబ్బు ఆపడం, రెండూ కోర్టులో ఎదురు తిరుగుతాయి. చూసే హక్కు వేరు, ఖర్చు వేరు. తల్లికి గానీ తండ్రికి గానీ రెండో పెళ్లి అయినా పిల్లల భరణం ఆగదు.

విడాకుల డిక్రీ రాగానే సర్టిఫైడ్ కాపీలు రెండు మూడు తీసుకోండి. పాస్‌పోర్టుకు, రేషన్ కార్డులో పేరు మార్పుకు, స్కూలుకు పనికొస్తాయి. మళ్లీ పెళ్లి ఆలోచన ఉంటే అప్పీలు గడువు, హిందూ వివాహ చట్టం ప్రకారం 90 రోజులు, దాటేదాకా ఆగండి. దాటాక హైకోర్టులో అప్పీలు పడిందేమో ఈకోర్ట్స్‌లో ఇద్దరి పేర్లతో ఒకసారి వెతికి చూసుకోండి.